ఎర్ర గిటార్ బాకీ

పక్కవాద్యం అన్న మాటను మనం చాలా తేలిగ్గా వాడేస్తాం. కచేరీ కరపత్రంలో గాయకుడి పేరు బొద్దుగా ఉంటుంది, వయొలిన్ పేరు, మృదంగం పేరు కింద సన్నంగా ఉంటాయి. సినిమా పాటకొస్తే ఆ సన్న అక్షరాలు కూడా దక్కవు. రాసినవారు, పాడినవారు, బాణీ కట్టినవారు పోగా మిగిలిన ముప్ఫైమందినీ "బృందం" అనే ఒక్క ముక్కలో చుట్టేస్తారు. ఆ బృందంలోంచి ఒకడు లేచి, పాడేవాడు లేకుండానే పాట నిలబెడతానంటే? మన దగ్గర ద్వారం వెంకటస్వామి నాయుడుగారు అన్నారు, చేసి చూపించారు. పక్కన కూర్చోవలసిన ఫిడేలును వేదిక మధ్యకు తెచ్చి, దానితోనే కచేరీ నడిపించారు. ఆయన్ని మనం మరిచిపోలేదు. విజయనగరం సంగీత కళాశాల పేరెత్తితే ఆయన పేరు రాక మానదు.

ఇంగ్లండులో అలాంటి పని ఎలక్ట్రిక్ గిటార్‌తో చేసినవాడు హ్యాంక్ మార్విన్. ఆయన బృందం పేరు షాడోస్, అంటే నీడలు. ఆ పేరు పెట్టుకున్న రోజున సరదాకే పెట్టుకున్నారు. లోకం మాత్రం దాన్ని నిజం చేసింది. వెలుగంతా వేరేవాళ్ల మీద పడింది, వీళ్లు నీడలోనే ఉండిపోయారు. నా ఫిర్యాదు దాని గురించే.

1996లో "ట్వాంగ్" అనే ఆల్బమ్ వచ్చింది. బిగించిన తీగను మీటితే ఖంగుమంటూ సాగే చప్పుడును ఇంగ్లీషువాళ్లు ట్వాంగ్ అంటారు. హ్యాంక్ మార్విన్‌కూ షాడోస్‌కూ నివాళిగా, వాళ్ల వాద్యగీతాలనే ఎంచుకుని ఒక్కొక్కటి ఒక్కొక్కరు వాయించారు. ఎవరెవరు? డీప్ పర్పుల్ రిచీ బ్లాక్‌మోర్, క్వీన్ బ్రయాన్ మే, బ్లాక్ సబ్బాత్ టోనీ అయోమీ, ఫ్లీట్‌వుడ్ మాక్‌ను మొదలుపెట్టిన పీటర్ గ్రీన్. కెనడా నుంచి నీల్ యంగ్, ర్యాండీ బాక్‌మన్ కలిసి ఒకటి వాయించారు. రాక్ సంగీతంలో వీళ్లలో ఒక్కడు వస్తున్నాడంటే చాలు, స్టేడియం నిండుతుంది. అలాంటివాళ్లంతా ఒకే మనిషికి దణ్ణం పెట్టడానికి వరసలో నిలబడ్డారు.

తర్వాత ఏం జరిగింది? అట్ట మీద శిష్యుల పేర్లు చూసి కొన్నవాళ్లు శిష్యులను విన్నారు, పక్కన పెట్టారు. బ్లాక్‌మోర్ ఎలా వాయించాడు, మే ఎలా వాయించాడు అని పోల్చి చూసుకున్నారు. అసలు ఎవరికోసం వాయించారన్న సంగతి చాలామందికి అట్ట మీది చిన్న అక్షరాల్లోనే మిగిలిపోయింది. గురుపూజోత్సవానికి వెళ్లి, శిష్యులతో ఫోటోలు దిగి, గురువు కుర్చీ ఎటుందో చూడకుండా తిరిగొచ్చినట్టు.

ఆ ఆల్బమ్‌లో ఒక చిన్న విశేషం ఉంది. బ్రయాన్ మే ఎంచుకున్నది "ఎఫ్‌బీఐ". పీటర్ గ్రీన్ ఎంచుకున్నది "మిడ్‌నైట్". ఈ రెండూ 1961లో వచ్చిన ఒకే ప్లేటుకు అటుపక్క ఒకటి, ఇటుపక్క ఒకటి. ఆ ప్లేటు బొమ్మను ఒకరు తీసుకున్నారు, బొరుసును ఇంకొకరు తీసుకున్నారు. బొమ్మ పక్క పాటను ఎవరైనా కోరుకుంటారు. బొరుసు పక్క పాటను కోరుకున్నాడంటే ఆ ప్లేటును అరిగిపోయేదాకా తిప్పి తిప్పి విన్నవాడయి ఉండాలి. మానసిక అనారోగ్యంతో ఏళ్ల తరబడి సంగీతానికి దూరమై, పీటర్ గ్రీన్ మళ్లీ గిటార్ పట్టిన రోజులవి. ఆ రోజుల్లో ఆయన చేయి వెళ్లింది హ్యాంక్ మార్విన్ అర్ధరాత్రి పాట మీదికి.

ఆ ప్లేటులోనే ఇంకో అన్యాయం కూడా దాగుంది. "ఎఫ్‌బీఐ" అల్లింది హ్యాంక్, తోటి గిటారిస్టు బ్రూస్ వెల్చ్, బేస్ వాయించిన జెట్ హారిస్. కానీ ప్రచురణ హక్కుల చిక్కు వల్ల ప్లేటు మీద పడింది వాళ్ల మేనేజర్ పీటర్ గార్మ్లీ పేరు. సొంతంగా కట్టిన పాట మీద కూడా సొంత పేరు లేకపోవడం ఆ కుర్రాళ్లకు అలా ముందే అలవాటైంది.

కుర్రాళ్లు అన్నది మాటవరసకు కాదు. హ్యాంక్ అసలు పేరు బ్రయాన్ రాంకిన్. 1941 అక్టోబరులో న్యూకాసిల్‌లో పుట్టాడు. అది బొగ్గుగనుల, ఓడల తయారీ ఊరు. బడిలో బ్రూస్ వెల్చ్ స్నేహితుడయ్యాడు. 1958లో, ఇద్దరికీ పదహారేళ్లప్పుడు, గిటార్లు భుజాన వేసుకుని లండన్ బయలుదేరారు. సోహో ప్రాంతంలో "టూ ఐస్" అని ఒక కాఫీ హోటలుండేది. కింద ఇరుకు గదిలో కుర్రాళ్లు పాడేవారు, అవకాశాలు అక్కడే దొరికేవి. మన కోడంబాకంలో ఒకప్పుడు టీకొట్ల దగ్గర వేషాల కోసం కాచుకున్నవాళ్లు గుర్తుకొస్తే, ఆ హోటలు ఎలాంటిదో చెప్పక్కర్లేదు.

అక్కడే వాళ్లకు కొత్తగా పేరు తెచ్చుకుంటున్న ఒక గాయకుడి వెనక వాయించే అవకాశం దొరికింది. ఆయన పేరు హ్యారీ వెబ్. మన లక్నోలో పుట్టి, ఏడేళ్ల వయసులో ఇంగ్లండు చేరినవాడు. లోకానికి క్లిఫ్ రిచర్డ్‌గా తెలిసినవాడు. ఆయన వెనక వాయించే బృందం పేరు అప్పటికి డ్రిఫ్టర్స్. అమెరికాలో అదే పేరుతో ఒక గాయకుల బృందం ఉండటంతో పేచీ వచ్చింది, పేరు మార్చాలి. 1959లో జెట్ హారిస్ "షాడోస్" అన్నాడు. ఎప్పుడూ గాయకుడి వెనకే ఉంటాం కదా, నీడలమేగా అని.

గిటార్ సంగతి వినండి. యుద్ధం తర్వాత డాలర్లు ఆదా చేసుకోవాలని బ్రిటన్ ప్రభుత్వం అమెరికా సరుకుల దిగుమతి మీద ఆంక్షలు పెట్టింది. అందులో సంగీత వాద్యాలూ ఉన్నాయి. అమెరికా గిటార్ అంటే బొమ్మల్లో చూడటమే. ఆంక్షలు సడలే వేళకు క్లిఫ్ రిచర్డ్ ఫెండర్ కంపెనీ క్యాటలాగ్ తెప్పించాడు. రికీ నెల్సన్ పాటల్లో జేమ్స్ బర్టన్ వాయించే గిటార్ ఏదో తెలుసుకోవాలని కుర్రాళ్ల తపన. క్యాటలాగ్‌లో అన్నిటికంటే అందమైనది, ఖరీదైనది ఏదో చూసి, అంత గొప్పగా వాయించేవాడి దగ్గర ఉండేది ఇదే అయ్యుంటుందని తేల్చేశారు. తప్పులో కాలేశారు. బర్టన్ వాయించేది టెలికాస్టర్. వీళ్లు తెప్పించుకున్నది స్ట్రాటోకాస్టర్, ఎర్ర రంగుది, బంగారు పూత బిగింపులతో. బ్రిటన్‌లో అడుగుపెట్టిన మొట్టమొదటి స్ట్రాటోకాస్టర్ అదేనని చెబుతారు. ఆ పొరపాటు లేకపోతే ఆ దేశపు గిటార్ చరిత్ర ఇంకో దారిలో నడిచేది.

వాద్యం ఉంటే చాలదు, దాని గొంతు విప్పేవాడు కావాలి. ఆ గిటార్‌కు ఒక సన్నటి ఊచ ఉంటుంది. దాన్ని అరచేతిలో ఉంచుకుని కొద్దిగా వంచితే తీగ బిగువు మారి స్వరం వణుకుతుంది. దాన్ని చాలామంది అల్లరికే వాడారు. హ్యాంక్ ప్రతి స్వరం చివర ఆ ఊచను ఊపిరి తగిలినట్టు తాకేవాడు. వీణ మీద తీగను లాగి గమకం పలికించే చేతిని చూసినవాళ్లకు ఈ సంగతి వెంటనే పట్టుబడుతుంది. స్వరం ఎక్కడ మొదలైందో అక్కడే ఆగిపోదు, దాని తోక ఇంకెక్కడికో వెళ్తుంది. దానికి తోడు ఇటలీలో చేసిన ఒక ఎకో పెట్టె. మీటిన స్వరమే రెండుమూడుసార్లు వెనకనుంచి తిరిగొస్తుంది. ఆ ప్రతిధ్వని వచ్చే లెక్కను బట్టి హ్యాంక్ తర్వాతి మీటు వేసేవాడు. తన నీడతో తానే జుగల్‌బందీ చేసినట్టుంటుంది.

వేదికల ముందు అమ్మాయిల కేకలు పెరిగేకొద్దీ 15 వాట్ల యాంప్లిఫయర్ పెట్టె చాలలేదు. ఇంకా గట్టిది కావాలన్నారు షాడోస్. వాక్స్ కంపెనీ 30 వాట్ల యాంప్లిఫయర్ తయారుచేసింది. అదే ఏసీ 30. తర్వాత బీటిల్స్ వాడిందీ అదే, బ్రయాన్ మే వెనక వరసగా పేర్చి ఉండేవీ అవే. ఈ పెట్టె కథ చెప్పేటప్పుడు కూడా జనం బీటిల్స్ దగ్గరే మొదలుపెడతారు.

ఇక "అపాచీ". దాన్ని కట్టింది జెర్రీ లార్డన్, అదే పేరుతో 1954లో వచ్చిన హాలీవుడ్ సినిమా చూసిన ఊపులో. ముందు బెర్ట్ వీడన్ అనే గిటారిస్టు రికార్డు చేశాడు, అది లార్డన్‌కు నచ్చలేదు. తర్వాత షాడోస్‌తో కలిసి కచేరీలకు తిరుగుతున్నప్పుడు వాళ్లకు యుకలేలీ మీద వాయించి వినిపించాడు. నాలుగు తీగల బుల్లి వాద్యం మీద విన్నదాన్ని హ్యాంక్ ఏం చేశాడో 1960 జులైలో ఇంగ్లండు విన్నది. నిర్మాత నోరీ పారమోర్‌కు ప్లేటు రెండో పక్కనున్న పాట మీదే మనసు. చివరికి ముందుపక్కకు వచ్చింది మాత్రం "అపాచీ". పాట మొదట్లో, చివర్లో వినపడే డోలు వాయించింది ఎవరో తెలుసా? క్లిఫ్ రిచర్డ్. ఆ ఒక్కసారికి గాయకుడు పక్కవాద్యమయ్యాడు, పక్కవాద్యం పాట పాడింది.

ఆ ఆగస్టులో "అపాచీ" బ్రిటన్ పట్టికలో మొదటి స్థానానికి చేరి ఐదు వారాలు కదల్లేదు. కిందికి నెట్టింది ఎవరిననుకున్నారు? క్లిఫ్ రిచర్డ్ పాడిన పాటనే. దానికీ వెనక వాయించింది షాడోసే. నీడ మనిషిని దాటి ముందు నడిచిన ఘట్టం అది.

అదృష్టంతో ఒకసారి కొట్టిన దెబ్బ కాదది. "కాన్-టికీ", "వండర్‌ఫుల్ లాండ్", "డాన్స్ ఆన్", "ఫుట్ టాపర్". 1963 వచ్చేసరికి మాటల్లేని పాటలతో ఐదుసార్లు మొదటి స్థానం. 1962లో "వండర్‌ఫుల్ లాండ్" ఎనిమిది వారాలు అక్కడే కూర్చుంది. ఈ ఎనిమిదిని కాస్త గుర్తుపెట్టుకోండి. బ్రిటన్ పట్టికలో బీటిల్స్ సింగిల్ ఏదీ ఎనిమిది వారాలు మొదటి స్థానంలో లేదు, వాళ్ల గరిష్ఠం ఏడు. ఈ మాట చెబితే బీటిల్స్ అభిమానులు నా మొహం కేసి వింతగా చూస్తారు. నేను బీటిల్స్‌ను తక్కువ చేయడం లేదు. ఎనిమిది ఏడు కంటే పెద్దదని మాత్రం అంటున్నాను.

మరి ఇంత చేసినవాళ్లు ఎలా మరుగునపడ్డారు? మొదటి కారణం అమెరికా. రాక్ చరిత్ర రాసింది ఎక్కువగా అక్కడివాళ్లు. వాళ్ల చెవిన పడనిది వాళ్ల పుస్తకంలోకి ఎక్కదు. "అపాచీ" అక్కడ 1961లో రెండో స్థానం దాకా వెళ్లింది. కానీ వెళ్లింది షాడోస్‌ది కాదు, డెన్మార్క్ గిటారిస్టు యోర్గెన్ ఇంగ్మన్ వాయించినది. 1973లో ఇన్‌క్రెడిబుల్ బాంగో బ్యాండ్ అదే పాటను డప్పుల హోరుతో చేసింది. న్యూయార్క్ బ్రాంక్స్‌లో డీజే కూల్ హెర్క్ ఆ డప్పుల భాగాన్ని మళ్లీ మళ్లీ తిప్పి కుర్రకారును ఆడించాడు. హిప్‌హాప్ పునాదిరాళ్లలో అదొకటైంది. అంటే ఈ రోజు ర్యాప్ వినే కుర్రాడు కూడా "అపాచీ" ముక్కను ఎక్కడో ఒకచోట వినే ఉంటాడు. పాట లోకమంతా తిరిగింది. దానికి మొదట ప్రాణం పోసినవాడికి మాత్రం ఆ దేశపు వీసా దొరకనట్టే అయింది.

క్లీవ్‌లాండ్‌లో రాక్ అండ్ రోల్ హాల్ ఆఫ్ ఫేమ్ అని ఒక కీర్తిమందిరం ఉంది. అక్కడ గిటార్ వాద్యగీతాలకు చోటు లేదని అనలేం. 1994లో డ్యూయేన్ ఎడ్డీకి చోటిచ్చారు, 2008లో వెంచర్స్‌కు ఇచ్చారు. ఇద్దరూ అర్హులే, ఇద్దరూ అమెరికావాళ్లే. గాయకుల వెనక వాయించేవాళ్లను చిన్నచూపు చూశామని 2012లో తప్పు దిద్దుకున్నారు కూడా. బడ్డీ హాలీ వెనకున్న క్రికెట్స్‌నూ, అలాంటి ఇంకో ఐదు బృందాలనూ పిలిచి పీట వేశారు. షాడోస్‌కు మాత్రం ఇంతవరకూ పిలుపు రాలేదు. వాద్యగీతాల వరసలోనూ నిలబడగలరు, వెనక వాయించినవాళ్ల వరసలోనూ నిలబడగలరు. రెండు వరసల్లో నిలబడ్డవాళ్లకు ఏ వరసలోనూ విస్తరి వేయని పెళ్లిభోజనం ఇది.

రెండో కారణం సొంత ఊరిది. 1963 నుంచి బీటిల్స్ గాలి వీచింది. మాటలు రాసుకుని, పాడుకుని, వాయించుకునేవాళ్లే అసలైన కళాకారులన్న లెక్క స్థిరపడింది. ఆ లెక్కలో మాటల్లేని పాట పాటే కాదు. ఆ బీటిల్స్ హాంబర్గ్‌లో కుర్రాళ్లుగా ఉన్నప్పుడు, 1961లో, రికార్డు చేసిన ఒక వాద్యగీతం పేరు "క్రై ఫర్ ఎ షాడో". హారిసన్, లెనన్ ఇద్దరే కలిసి కట్టిన పాటగా పేర్లు పడింది అదొక్కటే. వేళాకోళానికి కట్టారో మోజుతో కట్టారో వాళ్లకే తెలియాలి. కానీ వేళాకోళం చేయాలన్నా ముందు ఆ బాణీ ఒంటబట్టాలి కదా.

మూడో కారణం వినగానే నాకు ఒళ్లు మండుతుంది. షాడోస్ మరీ శుభ్రంగా వాయిస్తారట. ఇస్త్రీ సూట్లు, టైలు, ముగ్గురూ ఒకేసారి గిటార్లు ఊపుతూ అడుగులో అడుగు వేసే నడక. తిరుగుబాటు లేదు, గిటార్ పగలగొట్టడం లేదు, అందువల్ల లోతు లేదట. సంగతులు ఎన్ని ఎక్కువ వేస్తే అంత విద్వత్తు అనుకునే జబ్బు మన కచేరీలకూ ఉంది. రాగాన్ని నాలుగు స్వరాల్లో నిలబెట్టినవాడికి చప్పట్లు తక్కువ, నలభై స్వరాలు దొర్లించినవాడికి ఎక్కువ. హ్యాంక్ అవసరం లేని స్వరం ఒక్కటీ మీటడు. మీటినదాన్ని పూర్తిగా పలకనిస్తాడు. పాడేవాడు ఊపిరి ఎక్కడ తీసుకుంటాడో అక్కడ ఆగుతాడు. మాటలు లేకపోయినా ఎవరో ఏదో చెబుతున్నారనిపించేది అందుకే.

మా మేనల్లుడు గిటార్ నేర్చుకుంటున్నాడు. చేతివేగం గట్టిదే. వాడికి "అపాచీ" వినిపిస్తే నవ్వాడు.

"ఇదేముంది మావయ్యా, సాయంత్రానికి వాయించేస్తాను" అన్నాడు.

సాయంత్రం రాలేదు. వారం గడిచాక వచ్చాడు, మొహం కాస్త చిన్నబోయి ఉంది.

"స్వరాలన్నీ వచ్చాయి మావయ్యా. పాటే రావట్లేదు."

హ్యాంక్ మార్విన్ గురించి నేను చదివిన వ్యాసాలన్నిటికంటే నాకు ఆ మాటే ఎక్కువ చెప్పింది.

ఆ పాటను రప్పించుకోవాలని ఎందరు కుర్రాళ్లు ఎన్ని సాయంత్రాలు తగలేశారో లెక్క లేదు. న్యూకాసిల్‌లోనే పెరిగిన మార్క్ నాఫ్లర్‌కు హ్యాంక్ దగ్గరున్నలాంటి ఎర్ర స్ట్రాటోకాస్టర్ కావాలి. ఇంట్లో అంత స్తోమత లేదు. తండ్రి కొనిచ్చింది వేరే కంపెనీ గిటార్, రంగు మాత్రం ఎరుపే. తర్వాత డైర్ స్ట్రైట్స్‌తో పేరు వచ్చాక నాఫ్లర్ చేతిలో ఉన్న ఎర్ర స్ట్రాటోకాస్టర్‌ను లోకమంతా చూసింది. ఆ ఎరుపు ఎక్కడిదని అడిగినవాళ్లు తక్కువ. బ్రయాన్ మే, వాళ్ల నాన్న కలిసి ఇంట్లోనే చేసుకున్న ప్రఖ్యాత గిటార్‌లో అమర్చిన పికప్‌లు బర్న్స్ కంపెనీవి. 1964 నుంచి షాడోస్‌కు గిటార్లు చేసిచ్చిన కంపెనీ అదే. కెనడాలో విన్నిపెగ్ అనే చలి ఊళ్లో నీల్ యంగ్ తన తొలినాళ్ల బృందంతో షాడోస్ పాటలు వాయించేవాడు. ఆ ఊరివాడే ర్యాండీ బాక్‌మన్. ముప్ఫై ఏళ్లు దాటాక ఇద్దరూ కలిసి నివాళి ఆల్బమ్‌లో "స్ప్రింగ్ ఈజ్ నియర్లీ హియర్" వాయించారంటే అది పిల్లప్పటి బాకీ తీర్చుకోవడమే. ఫిన్లాండ్‌లోనైతే ఈ బాణీ వాద్యసంగీతానికి "రౌతలాంకా" అని ఒక ప్రత్యేకమైన పేరే పుట్టింది. అంటే ఇనుప తీగ. మన దేశంలోనూ బొంబాయి, కలకత్తా, మద్రాసు వంటి నగరాల్లో ఇంగ్లీషు పాటలు వాయించే కుర్ర బృందాలకు క్లిఫ్ రిచర్డ్, షాడోస్ బాగా పరిచయమే.

హ్యాంక్ ఒక్కడి గురించే ఇంతసేపు మాట్లాడి, నేనూ అదే తప్పు చేస్తున్నాను. పక్కవాద్యం ముందుకొచ్చాక దానికీ ఒక పక్కవాద్యం ఉంటుంది. బ్రూస్ వెల్చ్ చేతిలో అకూస్టిక్ గిటార్ లేకపోతే "అపాచీ" గుర్రం పరుగెత్తదు. రిథమ్ వాయించేవాడిని ఎవరూ కలవరించరు, వాడు ఒక్క క్షణం ఆగితే మాత్రం పాట కూలిపోతుంది. ఎలక్ట్రిక్ బేస్ గిటార్‌ను బ్రిటన్‌కు అలవాటు చేసిన తొలివాళ్లలో జెట్ హారిస్ ఒకడు. డ్రమ్స్ మీద టోనీ మీహన్, "అపాచీ" నాటికి పద్దెనిమిది కూడా నిండని పిల్లవాడు. ఆ ఇద్దరూ బయటికి వెళ్లి 1963 జనవరిలో "డైమండ్స్" అనే వాద్యగీతంతో మొదటి స్థానం కొట్టారు. అది పక్కకు నెట్టింది షాడోస్ "డాన్స్ ఆన్"నే. మీహన్ స్థానంలో వచ్చిన బ్రయాన్ బెనెట్ చివరిదాకా నిలిచాడు. టోనీ మీహన్ 2005లో పోయాడు, జెట్ హారిస్ 2011లో.

ఇంత చెప్పాక నన్నొకటి అడుగుతారని తెలుసు. "ఆయనే కీర్తి వద్దనుకున్నాడు కదా, మధ్యలో నీ గోలేమిటి?" అని. నిజమే. హ్యాంక్ 1986లో ఆస్ట్రేలియాలోని పెర్త్‌కు వెళ్లి స్థిరపడ్డాడు. 2004లో ముగ్గురికీ బ్రిటన్ రాణి తరఫున ఓబీఈ గౌరవం ఇస్తామంటే బ్రూస్ వెల్చ్, బ్రయాన్ బెనెట్ తీసుకున్నారు. హ్యాంక్ సొంత కారణాలతో వద్దన్నాడు. తన గురించి తాను డప్పు కొట్టుకునే మనిషి కాదు. కానీ బిరుదు వద్దనడం ఆయన హక్కు. గుర్తుపెట్టుకోవడం మన విధి. అప్పిచ్చినవాడు అడగడం లేదు కదా అని అప్పు తీరిపోదు.

"ట్వాంగ్" మీద నా ఫిర్యాదు కూడా వాయించినవాళ్ల మీద కాదు. వాళ్లు చేయగలిగింది చేశారు. లోకంలోని అతి బరువైన గిటార్ శబ్దాన్ని కనిపెట్టిన టోనీ అయోమీ, వెన్నలాంటి "వండర్‌ఫుల్ లాండ్"ను ఎంచుకోవడం కంటే గొప్ప ఒప్పుకోలు ఏముంటుంది? నా ఫిర్యాదు విన్నవాళ్ల మీద, అంటే మన మీద. వాళ్లు గురువు ఇంటి గుమ్మం దాకా మనల్ని చేయి పట్టి తీసుకొచ్చారు. మనం గుమ్మంలోనే నిలబడి వాళ్ల పట్టుపంచెల జరీ చూసి మెచ్చుకుని వెనక్కి తిరిగాం.

రెంటినీ పక్కపక్కన పెట్టి నేను చాలాసార్లు విన్నాను. శిష్యుల దగ్గర బలం ఎక్కువ, పెట్టెలు పెద్దవి, రికార్డింగు వసతులు ముప్ఫై ఏళ్లు ముందున్నవి. అయినా విన్న ప్రతిసారీ మనసు మళ్లీ పాత ప్లేటు దగ్గరికే వెళ్తుంది. అక్కడ పద్దెనిమిదేళ్ల కుర్రాడొకడు, నల్ల కళ్లద్దాల ఫ్రేము, చేతిలో పొరపాటున వచ్చిన ఎర్ర గిటార్. ముందు ఎవరూ నడవని దారిలో, ఎవరి తీరూ చూసి రాయడానికి లేకుండా వాయిస్తున్నాడు. నివాళిలో ప్రేమ ఉంది. మూలంలో తెగువ ఉంది.

కాబట్టి ఒక్క మనవి. నివాళి ఆల్బమ్ దొరికితే తప్పకుండా వినండి. దానికి ముందు 1960 నాటి "అపాచీ" ఒకసారి వినండి, మూడు నిమిషాలైనా పట్టదు. దాని వెంటనే "వండర్‌ఫుల్ లాండ్" వినండి. విన్నాక పిల్లలెవరైనా పక్కనుంటే వాయించినవాడి పేరు చెప్పండి: హ్యాంక్ మార్విన్. తోడున్నవాళ్ల పేర్లు కూడా చెప్పండి: బ్రూస్ వెల్చ్, జెట్ హారిస్, టోనీ మీహన్, బ్రయాన్ బెనెట్. తర్వాత మీకిష్టమైన పాత తెలుగు పాట ఒకటి పెట్టుకుని, చరణానికి ముందు మనసు లాగే ఆ గిటార్ ముక్కో వీణ ముక్కో వాయించింది ఎవరో కనుక్కోండి. "బృందం" అని మాత్రం సరిపెట్టుకోకండి.